పావు పైడి

ఎర్రగాలి నెల, 2

నీడ గది తెరిచాను. దీపం బాగానే వెలుగుతోంది. గోడకు దక్షిణం మూల సున్నం పెచ్చు ఊడింది, కొత్తగా వేయించాలి. ఈ పొద్దు పరీక్షకు వచ్చిన తెరలు ఆరు. ఆరూ సరిపోయాయి.

నా తర్వాత ఈ గదికి వచ్చే మనిషికి పనికొస్తుంది, పని ఎలా చేస్తున్నావో రాసి పెట్టమని మగ్గాల పెద్ద అప్పలకొండమ్మ అప్ప చెప్పింది. అందుకని రాస్తున్నాను. నేను మూడో తరగతి దాకానే చదివాను. తప్పులుంటే దిద్దుకోండి.

మా ఊరు గోతిలో ఉంటుంది. పైన కప్పు. లోపలికి గాలి నాలుగు వాకిళ్ళ నుంచి రావాలి. బయటి గాలిలో ఎర్రబూజు గింజలుంటాయి, కంటికి కనబడవు. ఊపిరితిత్తుల్లో పడితే మొలుస్తాయి. అందుకని వాకిళ్ళకు తెరలు కడతాం. తెరలు నేసేది ఆడవాళ్ళమే. తెర కన్ను, అంటే పోగుల మధ్య సందు, ఎంతుండాలో కంటితో చూసి చెప్పలేం కాబట్టి నీడలో చూస్తాం. దీపం ముందు అద్దం పలక, దాని ముందు పెద్ద భూతద్దం. పలక మీద తెర ముక్క పెడితే కన్ను నీడ గోడ మీద పడుతుంది. ముక్క తీసి వెంట్రుక పెడితే దాని నీడ దూలమంత లావుగా పడుతుంది. ఆ నీడ అడ్డానికి సరిగ్గా ఒక తాడు తెంపి, రెండు మడతలు వేసి, మళ్ళీ రెండు మడతలు వేస్తాం. తెర కన్ను ఆ మడతను మించకూడదు. వెంట్రుకలో పావు వంతు. అంతే లెక్క.

వెంట్రుక ఎవరిదంటే, తెర చిరిగి ఊళ్ళో ఎవరైనా పోతే వాళ్ళదే. ఒక్క వెంట్రుక ఈ గదికి వస్తుంది. ఎవరి కోసం నేస్తున్నదో నేసే చేతికి తెలిసుండాలని పెద్దవాళ్ళు పెట్టిన ఆచారం. ఇదివరకు పంకాలకు నూనె పోసే సన్యాసిది ఉండేది. అప్పుడు మగ్గాల దగ్గర అందరూ పావు సన్యాసి అనేవాళ్ళు. మనిషి ఉన్నప్పుడు కూడా పావు వంతు పనే చేసేవాడని నవ్వుకునేవాళ్ళు.

ఇప్పుడున్నది పైడిది. పైడి నా కూతురు. తొమ్మిదేళ్ళు. అయిదు నెలలు మంచంలో ఉండి పోయింది. అయిదేళ్ళయింది.

పొద్దస్తమానం మగ్గాల దగ్గర నుంచి వినిపిస్తుంది. పావు పైడి సరిపోయిందా? పావు పైడి దాటిందే, విప్పీ. నేను ఈ గది పని అడిగి తీసుకున్నది ఆ మాట వినడానికే.

ఇంకో సంగతి రాయాలి. దీపం వేడికి వెంట్రుక కమిలిపోతుంది. అందుకని గాలి మారినప్పుడల్లా వేలి మందమంత ముందుకు జరుపుతాం. కొస నుంచి మొదలుపెట్టి కుదురు వైపు, అంటే తలలో మొలిచిన చోటి వైపు. జరిపిన భాగం చిన్న చక్రానికి చుట్టుకుంటుంది. ఏడాదికి మూడు గాలులు, మూడుసార్లు జరుపుతాం. జరిపిన రోజున పాత తాడు, పాత తెరలు కాల్చేస్తాం. చక్రం వెనక్కి మాత్రం ఎప్పుడూ తిప్పకూడదు. తిప్పితే పోయినవాళ్ళను వెనక్కి పిలిచినట్టు.

ఎర్రగాలి నెల, 5

పడమటి వాకిలి చూసుకునే దాలినాయుడు వచ్చాడు. వరసకు మరిది.

"ఎర్నమ్మొదినా, మీ తెరలు గాలిని రానిస్తన్నాయా, కబుర్లు సెప్పి ఎనక్కి పంపీస్తన్నాయా?" అన్నాడు.

"బూజు రాకుండా ఉంటే సాల్దేటి?"

"సాల్దు. మా రాములమ్మ మంచం ఈడ్సుకొచ్చి వాకిలి కాడ పడుకుంటంది. నిన్న నన్ను తిడదామని మొదలెట్టి మజ్జిలో ఆపీసింది, ఊపిరందక. పెళ్ళైన కాణ్ణించీ అలాగ ఎప్పుడూ అవలేదు. నాకు బయమేసింది."

నవ్వాను గానీ నాకూ తెలుసు. పోయిన గాలి నుంచే ఊళ్ళో గాలి బరువుగా ఉంది. మెట్లెక్కితే ఆయాసం. పొయ్యి మంట పసుప్పచ్చగా మందంగా ఉంటోంది. పైగా తెరలు తెరచాపల్లా లోపలికి ఉబ్బుతున్నాయట. పెద్ద గాలి వస్తే కుట్ల దగ్గర పిగిలిపోతాయని దాలినాయుడి భయం.

పెద్ద పంకా పంపమని, పంకాలు చేసే పై ఊరికి కబురు పెట్టాడు. పంకా తప్పు కాదు, మీ తెర కన్ను ఎన్ని మైక్రాన్లో చెప్పండి అని వాళ్ళు తిరిగి అడిగారు.

అప్పలకొండమ్మ అప్ప మగ్గం దిగకుండానే, "పావు పైడి అని సెప్పు" అంది.

"సెప్పినానప్పా. పైడి అంటే ఎంత అని అడిగినారు."

మగ్గాలన్నీ ఆగిపోయాయి. అందరూ నా వైపు చూశారు. పైడి అంటే ఎంత అని ఇంతవరకూ ఎవరూ నన్ను అడగలేదు.

ఎర్రగాలి నెల, 7

హైమ పంతులమ్మ నీడ గదికి వచ్చింది. బడిలో పాఠాలు చెప్పడానికి పై ఊరి నుంచి వచ్చిన పిల్ల. నా కూతురుంటే ఇంకొన్నేళ్ళకు ఆ వయసుకు వచ్చేది.

సన్న గీతలు గీసిన చిన్న గాజు పలక తెచ్చింది. ఒక గీతకూ ఇంకో గీతకూ మధ్య మిల్లీమీటరులో పదో వంతు. దాన్ని వెంట్రుక ఉండే చోట పెట్టి దీపం వేశాం. గోడ మీద గీతల నీడల మధ్య కొలిస్తే పది సెంటీమీటర్లు వచ్చింది.

"పది సెంటీమీటర్లంటే ఎన్ని మిల్లీమీటర్లు, ఎర్నమ్మగారూ?"

"వంద." అది నాకు తెలుసు. తెర పొడవులు కొలిచే టేపు మీద ఉంటుంది.

"మిల్లీమీటరులో పదో వంతు గోడ మీద వంద మిల్లీమీటర్లైంది. అంటే మీ దీపం దేన్నైనా వెయ్యి రెట్లు చేసి చూపిస్తోంది. ఒక మిల్లీమీటరును వెయ్యి ముక్కలు చేస్తే ఒక్కో ముక్క ఒక మైక్రాను. కాబట్టి..."

కాబట్టి తర్వాత నన్నే చెప్పనిచ్చింది. కాసేపు పట్టింది. గోడ మీద మిల్లీమీటరంటే పలక మీద మైక్రాను. అంతే. ఇన్నేళ్ళుగా మైక్రాన్లు నా గోడ మీదే ఉన్నాయి, నేను తాడు మడతపెట్టుకుంటూ కూర్చున్నాను.

పైడి వెంట్రుక నీడ కొలిచాను. టేపు మీద అయిదు, దాటి ఆరు గీతలు. అయిదు పాయింటు ఆరు మైక్రాన్లు అని రాశాను.

పంతులమ్మ చూసి నవ్వింది. "అంత సన్నం వెంట్రుక ఉండదండీ. సాలెపురుగు కూడా కాస్త సిగ్గుపడుతుంది. అవి సెంటీమీటర్లు. ముందు మిల్లీమీటర్లు చేయండి."

పదితో పెంచాను. యాభై ఆరు. పైడి అంటే యాభై ఆరు మైక్రాన్లు.

కాగితం మీద రాసుకుని చాలాసేపు చూశాను. పలకరించినట్టు అనిపించలేదు. కొత్తవాళ్ళ ఇంటి నంబరులా ఉంది.

ఎర్రగాలి నెల, 8

యాభై ఆరులో పావు పద్నాలుగు. మా తెర కన్ను పద్నాలుగు మైక్రాన్లు. పై ఊరికి చెబితే వాళ్ళు ఆశ్చర్యపోయారు. ఎర్రబూజులో అన్నింటికన్నా చిన్న గింజ ఇరవై రెండు మైక్రాన్లట. కన్ను ఇరవై ఉంటే చాలట.

"బిగువుంటే మంచిదే గదా?" అంది అప్పలకొండమ్మ అప్ప. నాకూ అలాగే అనిపించింది. నా మటుకు నాకు ఇంకా బిగువుగా నేయమని చెప్పాలని ఉంటుంది.

పంతులమ్మ నల్లబల్ల మీద రెండు చదరాలు గీసింది. "ఇరవై అడ్డం, ఇరవై నిలువు. నాలుగు వందలు. పద్నాలుగు పద్నాలుగులు నూట తొంభై ఆరు. కన్ను కాస్తే తగ్గినట్టు కనిపిస్తుంది, గాలి వచ్చే చోటు సగానికి తగ్గిపోయింది. నిన్న బడిలో ఇద్దరు పిల్లలు కూర్చున్నచోటే వాలిపోయారు. ఇదివరకు ఇలా లేదంటున్నారు. మరి కన్ను ఎప్పుడు తగ్గింది? పాత తాడు ఉందా?"

"కాల్సీనాం."

"పాత తెర?"

"అదీ కాల్సీనాం. ఆసారం."

పైడికి ఎన్నాళ్ళు జ్వరం అని పంతులమ్మ మెల్లగా అడిగింది. అయిదు నెలలన్నాను. ఒంట్లో బాగోలేనప్పుడు, తిండి లేనప్పుడు మొలిచే వెంట్రుక సన్నబడుతుందట. వెంట్రుక నెలకు ఇంచుమించు సెంటీమీటరు పెరుగుతుందట. కొస పాతది, కుదురు కొత్తది. మనం కొస నుంచి కుదురు వైపు జరుపుకుంటూ వస్తున్నాం.

నాకు వెంటనే అర్థమైంది. మేం గాలి మారినప్పుడల్లా పైడి జబ్బులోకి వేలి మందం చొప్పున జరుగుతున్నాం. ఊరంతా దాని జ్వరంతోనే కొలుస్తోంది.

"ఇప్పుడు దీపం కింద ఉన్నది కుదురుకు మూడు సెంటీమీటర్లు. అంటే పాప పోయే ముందు మూడో నెల" అంది పంతులమ్మ. "ఆ తర్వాత ఏమైనా తేరుకుందా?"

"ఆకరి నెలకి ముందు తేరుకుంది. ఒక పదేను దినాలు గంజి తాగింది. అడిగి తాగింది."

"తాగిందో," అంది అప్ప నూలు చూసుకుంటూ, "నువ్వు బాదపడతావని మొక్కల కుండీలో ఒంపీసిందో. తెలివైన గుంట."

అప్ప ఇది కొత్తగా అనలేదు. అప్పుడే అంది. ఊళ్ళో అందరూ అదే అనుకున్నారు. ఖాళీ గిన్నె చూసి మురిసిపోయింది నేనొక్కదాన్నే. తర్వాత్తర్వాత నేనూ అదే అనుకోవడం మొదలుపెట్టాను.

చక్రం వెనక్కి తిప్పి చూస్తే ముందెంత లావుండేదో తెలుస్తుందని పంతులమ్మ అంది. అప్ప మగ్గం దిగి వచ్చింది.

"నీకు తెల్దు గాబట్టి ఊరుకుంటన్నాను. ఎనక్కి తిప్పడమన్న మాట ఈ గదిలో ఇంకోపాలి అనకు. పోయినోళ్ళు పోయే దారిలో ఉంటారు. పిలిస్తే ఇటూ రాలేరు, అటూ పోలేరు."

పంతులమ్మ సరేనని వెళ్ళిపోయింది. నేను దీపం ఆర్పాను.

ఎర్రగాలి నెల, 11

పొద్దున్నే పెద్ద గాలి లేచింది. పడమటి వాకిలి తెర గుమ్మడికాయలా ఉబ్బి, కింది కుట్టు మూరెడు పిగిలింది. దాలినాయుడు ముందు తన వీపు ఆనించి, తర్వాత తడి గోనెలు కుక్కాడు. గుప్పెడు ఎర్రపొడి లోపలికి వచ్చింది. తడిగుడ్డలతో తుడిచాం. అప్పుడక్కడ పిల్లలెవరూ లేరు. రాములమ్మ ఉంది. మూతికి కొంగు గట్టిగా కట్టుకునే ఉందట, అయినా రెండు రోజులు చూడాలన్నారు.

ఇప్పుడు ఊళ్ళోకి మూడు వాకిళ్ళ నుంచే గాలి.

మగ్గాల దగ్గర అందరూ పోగయ్యారు. కొత్త తెరలు కావాలి, ఎంత కన్నుతో నేయాలి? పై ఊరివాళ్ళు చెప్పిన ఇరవై నేద్దామని కొందరు. వాళ్ళ బూజు వేరు, మన బూజు వేరు, ఇన్నేళ్ళు కాపాడిన కొలత మారిస్తే ఊరే పోతుందని ఇంకొందరు. అప్ప పెదాలు కూడా నీలంగా ఉన్నాయి.

మన కొలత అసలు ఎంతుండేదో తెలిస్తే గొడవ లేదు. అది చక్రం మీద చుట్టుకుని ఉంది.

నేను నీడ గదిలోకి వెళ్ళాను. అప్ప వెనకే వచ్చింది.

"ఒలే ఎర్నీ, వొద్దు."

"అప్పా, దాన్ని కన్నది నాను. అయిదు నెలలూ పక్కనున్నది నాను. పిలిసినా నానే పిలవాల. నీ మీదకేటీ రాదు."

"నా మీదకొస్తాదనేటి నా బయం?" అంది అప్ప. కళ్ళు తుడుచుకుంది. "నీకు మళ్ళీ పోద్ది. ఒకపాలి పోతే సూడలేకపోనాను."

అప్ప బయటికి పోలేదు. గోడ దగ్గర టేపు పట్టుకుని నిలబడింది. దీపం వేశాను. చక్రం వెనక్కి తిప్పాను.

ఒక సెంటీమీటరు తిప్పాను. కమిలిన చోటు వదిలి పక్కన కొలిచాం. అప్ప చదివింది, "ఆరు సెంటీమీటర్లు." అరవై మైక్రాన్లు. ఇంకొంచెం తిప్పాను. అరవై ఎనిమిది. నీడ లావెక్కుతోంది. ఇంకొంచెం. డెబ్భై తొమ్మిది. ఇది మంచం ఎక్కక ముందుది. ఇంకా తిప్పాను. ఎనభై. ఎనభై. ఎనభై ఒకటి. ఎనభై. నీడ గోడ మీద నల్లగా, నిటారుగా, ఎక్కడా సన్నబడకుండా నిలబడింది.

వెనక్కి వెళ్ళే కొద్దీ నా బిడ్డకు నయమైంది. బడికి వెళ్ళిన రోజులు, దాలినాయుడి గోనెల మీద దూకి తిట్లు తిన్న రోజులు, నాతో పేచీ పెట్టి జడ వేయించుకోని రోజులు. అన్నీ ఎనభై.

ఎనభైలో పావు ఇరవై.

అప్ప టేపు వదిలి గోడకు చేరబడింది. "మన పెద్దోళ్ళు ఎట్టిన కన్నూ ఇరవయ్యేనే," అంది. "పై ఊరోళ్ళు సెప్పిందీ ఇరవయ్యే."

ఎర్రగాలి నెల, 12

అప్ప పొద్దున్నే అందరినీ పిలిచి చెప్పింది. తెర కన్ను ఇరవై మైక్రాన్లు. గోడ మీద రెండు సెంటీమీటర్లు. దానికి తాడు అక్కర్లేదు, ఇత్తడి ముక్క ఒకటి కోయించి పెడతాం. గాలి మారినా అది మారదు.

ఒకామె అడిగింది, "అయితే పైడి వెంట్రుక తీసీడమేటి? మరి ఎవుల్ది పెడతాం?"

"కొత్త ఎంట్రుక రావాలంటే ఇంకో గుంట పోవాల," అంది అప్ప. "నాను సూడలేను. ఇరవైకి జొరం రాదు. ఇక మీదట ఇరవయ్యే, పైడి ఎంట్రుక తీసీండి."

వద్దనాలని నోటిదాకా వచ్చింది. వెంట్రుక గది దాటితే పేరు కూడా దాటుతుందని నాకు తెలుసు. కానీ బడిలో వాలిపోయిన ఇద్దరి తల్లులూ నా ఎదురుగానే కూర్చున్నారు.

సరేనన్నాను.

ఎర్రగాలి నెల, 19

ఇరవై కన్నుతో నేసిన తెరలు నాలుగు వాకిళ్ళకూ ఎక్కాయి. కుట్లు రెండు వరసలు వేశాం. గాలి బాగా వస్తోంది. మంట నీలంగా ఉంది. తెరల వెనక పెట్టిన తడి పళ్ళేలు రోజూ తెచ్చి నీడలో చూస్తున్నాను, బూజు గింజ ఒక్కటి కూడా లేదు.

రాములమ్మకు ఏమీ కాలేదు. నిన్న దాలినాయుణ్ణి వాకిలి నుంచి ఇంటిదాకా ఆపకుండా తిట్టుకుంటూ తీసుకెళ్ళింది. వాడు దారిపొడుగునా నవ్వుతూనే ఉన్నాడు.

మగ్గాల దగ్గర ముసలివాళ్ళు ఇంకా పావు పైడి అనే అంటున్నారు. కొత్తగా చేరిన అమ్మాయిలు ఇరవై అంటున్నారు. పైడి పేరు ఎన్నిసార్లు వినబడిందో ఇవాళ పొద్దుటి నుంచి లెక్కపెట్టకూడదనుకున్నాను, లెక్కపెట్టలేదు.

ఎర్రగాలి నెల, 23

అప్ప వెంట్రుకతో సహా చక్రం తెచ్చి నా చేతిలో పెట్టింది. ఆచారం ప్రకారం మట్టిలో కలపాలి. ఎప్పుడు కలపాలో మాత్రం తల్లి ఇష్టమంది.

"మిగిలిన మూడు సెంటీమీటర్లూ దీపం ఎప్పుడూ సూడనేదు," అంది. "అది నీది. సూస్తావో, సూడకుండానే కలిపీస్తావో."

మధ్యాహ్నం మగ్గాలు ఆగాక ఒక్కదాన్నే దీపం వేశాను. ఈసారి ముందుకు జరిపాను. కొలతలు రాస్తున్నాను.

మొదటి చోటు, యాభై ఆరు. తెలిసిందే.

కొంచెం ముందుకు, యాభై నాలుగు.

ఇంకొంచెం, యాభై మూడు. అప్పటికి నీళ్ళు కూడా చెంచాతో పట్టేదాన్ని.

కుదురుకు రెండు సెంటీమీటర్ల లోపలికి వచ్చాక నీడ అంచు కదిలినట్టనిపించింది. భూతద్దం తుడిచి మళ్ళీ చూశాను. టేపు పెట్టాను. ఆరు సెంటీమీటర్ల నాలుగు గీతలు. ముందు మిల్లీమీటర్లు చేయాలి. అరవై నాలుగు. గోడ మీద మిల్లీమీటరు పలక మీద మైక్రాను. అరవై నాలుగు మైక్రాన్లు. పంతులమ్మను పిలిచి కొలవమన్నాను. ఆమెకూ అరవై నాలుగే వచ్చింది.

ఆ లావు ఎంత మేర ఉందో పలక మీద గీతలతో చూశాం. అయిదు మిల్లీమీటర్లు. తర్వాత మళ్ళీ సన్నబడి, యాభై రెండు, యాభై, కుదురు.

లెక్క పంతులమ్మ నన్నే చేయనిచ్చింది. నెలకు ఒక సెంటీమీటరు. సెంటీమీటరుకు పది మిల్లీమీటర్లు. అయిదు మిల్లీమీటర్లంటే అర నెల. పదిహేను రోజులు.

బయట అప్ప పడుగు సర్దుకుంటోంది. వెళ్ళి చెప్పాను.

"అప్పా, కుండీలో ఒంపనేదు. తాగింది."